ఒంటిచేతి మడత

బైండింగావిడకు తన చేతుల మీద ఉన్నంత నమ్మకం లోకంలో మరి దేని మీదా లేదు. పాతికేళ్ళుగా ఇంటి కింది వాటాలో పుస్తకాలు కడుతోంది. చిరిగినవి అతుకుతుంది, కొత్తవి కుడుతుంది, బడికి రిజిస్టర్లు, ఆఫీసులకు లావుపాటి ఫైళ్ళు చేసిపెడుతుంది. పని పూర్తయ్యాక ప్రతి పుస్తకానికీ వెనక అట్ట లోపల, కుడి మూలన, అగ్గిపెట్టెలో సగం ఉండే రబ్బరు ముద్ర ఒకటి గుద్దుతుంది. 'ఇది నా చేతి పని' అని ఉంటుంది దాని మీద. అంత గొప్ప చెప్పుకోవాలా అని ఎవరైనా అడిగితే, "నేను చేశానని నేను చెప్పకపోతే పక్క వీధివాడు తను చేశానంటాడు" అనేది. వినయం ఆవిడ ఒంటికి పడదు.

పై వాటాలో తమ్ముడి కాపురం. తమ్ముడు సిటీ బస్సు డ్రైవరు, తెల్లారగట్ల వెళ్ళే మొదటి బస్సు అతనిదే. మరదలు ఆసుపత్రిలో నర్సు. రెండు వారాల శిక్షణ అంటూ ఆమెను వేరే ఊరు పంపారు. ఆమె వెళ్ళిన మర్నాడే, అదేదో తల్లి బండెక్కడం కోసమే కాచుకుని ఉన్నట్టు, తొమ్మిదేళ్ళ కూతురు సైకిలు మీంచి పడి కుడి మణికట్టు విరగ్గొట్టుకుంది. వేళ్ళ మొదళ్ళ నుంచి మోచేతి దాకా పిండికట్టు వేశారు. ఆ పిల్లను ఇంట్లో అందరూ పిడుగనే పిలుస్తారు. ఎందుకో వేరే చెప్పనక్కర్లేదు.

కట్టు పడ్డాక ఆ పిడుగు నోరు కూడా కట్టేసినట్టయింది. సోమవారం సాయంత్రం దాని సంచీలోంచి టీచరు రాసిన చీటీ ఒకటి బయటపడింది. తమ్ముడు దాన్ని తెచ్చి అక్క బల్ల మీద పెట్టాడు. పిల్ల వారం రోజులుగా మధ్యాహ్నం డబ్బా తినడం లేదట. శుక్రవారం లోగా తనంతట తను తింటే సరేసరి, లేకపోతే సోమవారం నుంచి చిన్నపిల్లల బల్ల దగ్గర కూర్చోబెట్టి ఆయా చేత తినిపిస్తారట. టీచరు మంచికే రాసింది. పోయిన గురువారం మధ్యాహ్నం క్లాసులో పిల్లకు కళ్ళు తిరిగాయని కూడా రాసింది.

"చిన్నపిల్లల బల్లంటే ఏంటే?" అంది బైండింగావిడ, తండ్రి వెనకే వచ్చిన పిల్లతో.

"మూడేళ్ళ వాళ్ళు కూర్చునేది," అంది పిడుగు గోడకేసి చూస్తూ. "నా మోకాలంత ఎత్తు ఉంటుంది. మెడకి గుడ్డ కడతారు. ఆయా 'విమానం వస్తోంది, నోరు తెరువు' అంటుంది."

"నీకు కూడా అంటుందా?"

"అందరికీ అంటుంది అత్తా." ఆ మాట అనేసి మెట్లెక్కి పైకి వెళ్ళిపోయింది.

తమ్ముడు తల పట్టుకుని కూర్చున్నాడు. "నేను పెట్టేది తనకి నచ్చట్లేదేమో అక్కా. పొద్దున్న నాలుక్కి లేచి ఏదో ఒకటి డబ్బాలో కుక్కి వెళ్తున్నా. చెంచాతో తినేవి ఎడం చేత్తో తినలేక ఒంపుకుందట. అందరూ నవ్వారట. ఇంకేం పెట్టాలో నాకు తోచట్లేదు."

"ఒక చేత్తో పట్టుకుని తినేది పెట్టాలి, అంతేగా. ఇది నాకొదిలెయ్. శుక్రవారం దాకా ఎందుకు, రేపటికే తేల్చేస్తా," అంది ఆవిడ. వంటింట్లో ఆవిడ ప్రతాపం అంతంతమాత్రమేనని తమ్ముడికి తెలుసు గానీ, అక్క ముందు ఆ మాట అనేంత ధైర్యం అతనికెప్పుడూ లేదు.

వీధి మూల మీద దుకాణమావిడ వివరం విని టోర్టియాల పాకెట్టు ఒకటి చేతిలో పెట్టింది. గుండ్రటి పల్చటి రొట్టెలు. "లోపల తియ్యగా ఏదన్నా రాసి చుట్టివ్వండి. పిల్లలు ఒక్క చేత్తో పట్టుకుని తినేస్తారు. అయిదు నిమిషాల పని," అంది. బైండింగావిడ పాకెట్టు విప్పి ఒక రొట్టెను రెండు వేళ్ళ మధ్య పట్టుకుని మందం చూసింది. వెలుతురుకెత్తి చూసింది. కాస్త వంచి చూసింది. కాగితాన్ని ఎలా చూస్తుందో అలాగే చూసింది. "షీటు బాగుంది" అని ఒప్పుకుంది. ఆ రోజు నుంచీ ఆవిడ నోట అవి షీట్లే అయ్యాయి.

మంగళవారం పొద్దున్న షీటు మీద వేరుసెనగ ముద్ద పట్టించి, పైన తేనె తీగలా పోసి, నడుమ ఒక అరటిపండును నిలువునా పరిచి చాపలా చుట్టేసింది. డబ్బా మరదలు కొన్నదే. గట్టి స్టీలు డబ్బా, మూత చుట్టూ రబ్బరు, రెండు పక్కలా రెండు క్లిప్పులు. చుక్క కూడా కారదు. ఆవిడ టక్ టక్ మని క్లిప్పులు నొక్కి, "సాయంత్రం ఖాళీ డబ్బా తెస్తావు చూడు" అని పంపించింది.

సాయంత్రం డబ్బా తెరిస్తే చుట్టు విడిపోయి ఉంది. అరటిపండు ఒక మూలకి, రొట్టె ఒక మూలకి పోయాయి.

"తినలేదేం?"

"తినాలనిపించలేదు," అంది పిడుగు.

బైండింగావిడ ఏమాత్రం కంగారు పడలేదు. విడిపోయిన పుస్తకం ఎదురుగా ఉంటే ఆవిడకు ఇంకెవరూ కారణం చెప్పాల్సిన పనిలేదు. పిల్ల చేతిలోకి తీసుకోగానే చుట్టు ఊడిపోయి ఉంటుంది, నలుగురిలో మళ్ళీ ఒంపుకోవడం ఇష్టంలేక డబ్బాలో పడేసి ఉంటుంది. ఇంకేముంది, బిగువు చాల్లేదు. బిగువు తెప్పించడం ఎలాగో తనకు తెలిసినంతగా ఈ చుట్టుపక్కల ఎవరికి తెలుసు?

ఆ సాయంత్రమే ఇంకో చుట్టు చేసింది. ఈసారి అరటిపండు పక్కన జామ్ కూడా దట్టించింది. మైనపు కాగితంలో పొట్లం కట్టి, కిందికి తీసుకెళ్ళి, రెండు చెక్కల నడుమ పెట్టి, పుస్తకాలు ఆరబెట్టే ఇనప ప్రెస్సు కింద పెట్టి మర తిప్పేసింది. అలాంటి పని వంట తెలిసినవాళ్ళు చచ్చినా చెయ్యరు, తెలియనివాళ్ళకు తోచదు. పాతికేళ్ళుగా అతికించిన ప్రతిదాన్నీ బరువు కింద పెట్టి నిశ్చింతగా వెళ్ళిపోయే అలవాటున్న మనిషికే తోస్తుంది. అతుకు పట్టాలంటే పొద్దుటిదాకా ఉండాలి మరి.

పొద్దున్న మర వదులు చేసి చూస్తే చుట్టు మందం అట్టముక్కంత అయింది. పండూ తేనే జామూ అన్నీ కాగితం చించుకుని వచ్చేసి, చెక్కల అంచుల వెంట కారి, ముందురోజు కట్టిన బడి రిజిస్టరు వెన్నుకు అంటుకున్నాయి. తమ్ముడు అప్పుడే డ్యూటీకి బయల్దేరుతూ తలుపు దగ్గర ఆగాడు.

"ఏంటక్కా అది?"

"నువ్వు పోయి బస్సు తోలుకో," అంది ఆవిడ.

వేరే చెయ్యడానికి వ్యవధి లేక ఆ అట్టముక్కనే అంచులు చక్కగా కోసి డబ్బాలో పెట్టింది. సాయంత్రం అది వెళ్ళినట్టే తిరిగొచ్చింది. ఈసారి ఆవిడకు పిల్ల మీద తప్పుపట్టే ముఖం కూడా లేదు. అయినా అధైర్యపడిందా అంటే, లేదు. రిజిస్టరు వెన్ను తడిగుడ్డతో తుడుస్తూ ఆలోచించింది. చుట్టడం తన పని కాదు. చాపలు చుట్టేవాళ్ళు చుడతారు. తన పని మడవడం. అచ్చయిన పెద్ద కాగితాన్ని మడత మీద మడత వేసి, పుస్తకంలో కుట్టే ఫారం చెయ్యడం ఆవిడకు కళ్ళు మూసుకున్నా వచ్చు. మరి ఆ పని ఎందుకు చెయ్యలేదు? పప్పులో కాలేశాను అనుకుంది. ఆ మాట పైకి మాత్రం అనలేదు.

గురువారం పొద్దున్న పెనం మీద షీటును పది లెక్కపెట్టేంతసేపు వెచ్చబెట్టింది. చల్లటి షీటు మడత దగ్గర పగులుతుంది, కాగితమైనా అంతే. వెచ్చబడి మెత్తనయ్యాక నడిబొడ్డు నుంచి కింది అంచు దాకా కత్తితో ఒక్క గాటు పెట్టింది. గుండ్రాన్ని నాలుగు భాగాలనుకుని, ఒక పావుకి వేరుసెనగ ముద్ద రాసింది. రెండో పావు మీద అరటిపండు చక్రాలు పల్చగా పరిచింది. మూడో పావుకి జామ్. నాలుగోదాని మీద తురిమిన ఆపిల్, చిటికెడు దాల్చినచెక్క పొడి. గాటు పక్కనున్న పావును పైకి మడిచింది, దాన్ని పక్కకి మడిచింది, మళ్ళీ కిందికి మడిచింది. మూడు మడతలకి నాలుగు పొరల ముక్కోణం తయారైంది. దాన్ని మళ్ళీ పెనం మీద రెండు వైపులా కాల్చేసరికి పొరలు ఒకదానికొకటి పట్టుకుని కదలకుండా కూర్చున్నాయి. పాకెట్టు విప్పిన దగ్గర్నుంచి ఆరు నిమిషాలు పట్టింది. ఆవిడ దాన్ని ఎడం చేత్తో పట్టుకుని ఊపింది, తలకిందులు చేసింది, గట్టిగా దులిపింది. ఒక్క ముక్క రాలలేదు. అలాంటివి రెండు చేసి, చల్లారాక డబ్బాలో పక్కపక్కన అమర్చింది. వీటిని తినకపోతే ఆ పిల్ల నా మేనకోడలే కాదు అనుకుంది.

సాయంత్రం డబ్బా చేతికి బరువుగానే తగిలింది. క్లిప్పులు తీసి చూసింది. రెండు ముక్కోణాలూ పొద్దున్న పెట్టిన చోటనే ఉన్నాయి. కొరకలేదు సరికదా, కదిలించనైనా లేదు. కింద పరిచిన మైనపు కాగితం మీద ఒక్క వేలి మరక లేదు. పొద్దున్న తన చేతి నుంచి జారిన జామ్ చుక్క ఒకటి మూత లోపలి అంచున అలాగే, గుండ్రంగా, చెరగకుండా ఉంది.

పుస్తకాన్ని ఎవరైనా తెరిచారో లేదో ఆవిడ చూడగానే చెప్పగలదు. ఈ డబ్బాను ఎవరూ తెరవలేదు.

పిడుగు మెట్ల మీద కూర్చుని బూటు తాడు ఎడం చేత్తో లాక్కుంటోంది. ఆవిడ వెళ్ళి పక్కన కూర్చుంది. మూడు రోజులుగా ఆ పిల్లను ఇలా కూర్చుని అడగలేదని అప్పుడు గుర్తొచ్చింది. డబ్బాను అడిగింది, రొట్టెను అడిగింది, ప్రెస్సును అడిగింది, పిల్లను మాత్రం అడగలేదు.

"ఇది తెరిచావా అసలు?"

పిడుగు తల అడ్డంగా ఊపింది.

"నిన్న?"

"లేదు."

"మొన్న?"

"మూత రావట్లేదు అత్తా!" పిల్ల ఒక్కసారిగా అరిచింది. "ఒక క్లిప్పు తీస్తే డబ్బా జారిపోతుంది. అది పట్టుకుంటే రెండోది తియ్యడానికి చెయ్యి లేదు. మొదటిరోజు పక్కమ్మాయిని తియ్యమన్నా. తీసింది. ఒంపుకున్నా. మర్నాడు అడిగితే అది గట్టిగా, 'ఆయా, దీనికి మీరే పెట్టండి' అంది. అందరూ ఇటు తిరిగారు. ఇంక నేను ఎవర్నీ అడగను. ఆకలేసినా అడగను." వెక్కిళ్ళ మధ్య మాటలన్నీ ఒకదాని మీద ఒకటి పడ్డాయి.

"నాకు చెప్పొచ్చుగా తల్లీ."

"నువ్వు అంత బాగా చేస్తున్నావు," అంది పిడుగు ముక్కు చీదుకుంటూ. "మూత కూడా రాదంటే ఎలా ఉంటుంది?"

బైండింగావిడ కిందికి వెళ్ళి తలుపు వేసుకుంది. పనిలో బట్టల మీద కట్టుకునే పనిగుడ్డ తాడుతో కుడి చేతిని నడుముకు కట్టుకుని డబ్బాను ముందు పెట్టుకుంది. రెండు క్లిప్పులూ నొక్కి పెట్టి, ఎడం చేత్తో తియ్యడానికి చూసింది. డబ్బా బల్లంతా తిరిగింది. మోకాళ్ళ మధ్య ఇరికించింది, గడ్డంతో అదిమింది, చివరికి పళ్ళతో పట్టింది. రెండో క్లిప్పు ఊడే సమయానికి మూత ఎగిరి ముక్కోణాలు రెండూ నేల మీద పడ్డాయి. పాతికేళ్ళ పనితనం ఉన్న చెయ్యి నడుముకు కట్టుబడి ఉంటే తను ఏమీ కాదని ఆవిడకు తెలిసొచ్చింది. వారం రోజులు, నలభైమంది మధ్య, ఆ పిల్ల ఈ డబ్బా ముందు ఆకలితో ఊరికే కూర్చుంది. ఆవిడకు సిగ్గేసింది. సిగ్గుతో పాటు పట్టుదల కూడా వచ్చింది, అది ఆవిడకు బాగా అలవాటైనదే.

చెయ్యి విప్పకుండానే పని మొదలెట్టింది. అట్ట కొయ్యడానికి మాత్రం విప్పక తప్పలేదు. రిజిస్టర్లకు వాడగా మిగిలిన నీలం గుడ్డ తీసి, పుస్తకం ఆకారంలో ఒక పెట్టె కట్టింది. లోపలంతా మైనపు కాగితం పరిచింది. క్లిప్పు లేదు, రబ్బరు లేదు. పై అట్టకు ముందువైపు వెడల్పాటి నాడా ఒకటి కుట్టింది. దాన్ని లాగితే అట్ట తెరుచుకుని వెనక్కి పడుకోవాలి. మళ్ళీ కుడి చెయ్యి కట్టుకుని లాగి చూసింది. అట్ట రావడానికి బదులు పెట్టె మొత్తం వచ్చేసింది. దాంతో ప్రెస్సు కాలి కింది రబ్బరు చాప నుంచి రెండు పట్టీలు కోసి పెట్టె అడుగున అతికించింది. మళ్ళీ లాగింది. పెట్టె బల్లను పట్టుకుని కదలకుండా నిలబడింది, అట్ట మాత్రం తెరుచుకుంది. ఆవిడ ఇరవై సార్లు తెరిచి, ఇరవై సార్లు మూసి, అప్పుడు చెయ్యి విప్పుకుంది.

శుక్రవారం పొద్దున్న పిడుగు వంటింట్లోకి వచ్చేసరికి ఆవిడ షీటు వెచ్చబెట్టి గాటు పెట్టి ఉంచింది.

"ఇవాళ మడత నీది," అంది.

"ఒక్క చేత్తోనా?"

"ఒక్క చేత్తో ఎందుకు? ఆ కట్టు బరువు తక్కువుందా? దాన్ని ఇక్కడ ఆనించు. కింద నా పనిలో కాగితం కదలకుండా నేను ఇనప దిమ్మ పెట్టుకుంటా. నీకు దిమ్మ చేతికే ఉంది."

పిడుగు కట్టుకు శుభ్రమైన గుడ్డ చుట్టించుకుని షీటు అంచున ఆనించింది. ఎడం చేత్తో చెంచా పట్టుకుని నాలుగు పావుల్లో నాలుగూ రాసింది. జామ్ హద్దు దాటి అరటిపండు మీదికి పోయింది. మొదటి మడత వంకరగా వచ్చింది, మూడోది చిరిగింది.

"చిరిగింది అత్తా."

"మొదటిది చిరగకపోతే నాకు అనుమానం వచ్చేది. అది నువ్వు తినెయ్, ఇంకోటి అందుకో."

రెండోది నిలబడింది. మూడోది ఇంకా బాగా వచ్చింది. ఆవిడ వాటిని పెనం మీద కాల్చి ఇస్తే, పిడుగే నీలం పెట్టెలో అమర్చి, నాడా పట్టుకుని తెరిచి, మూసి, మళ్ళీ తెరిచింది. తెరిచిన అట్ట లోపల కుడి మూల చూసి ఆగింది.

"నీ ముద్ర వెయ్యలేదేంటి?"

"తొందరలో మర్చిపోయా," అంది ఆవిడ. పాతికేళ్ళలో ఆవిడ ముద్ర మర్చిపోయింది లేదు.

మధ్యాహ్నం రిజిస్టర్లు ఇవ్వాలన్న వంకతో బైండింగావిడ బడికి వెళ్ళింది. నిజానికి అవి సోమవారం ఇవ్వాల్సినవి, వాటిలో ఒకదాని వెన్ను ఇంకా కాస్త తియ్యటి వాసన వేస్తోంది కూడా. ఆఫీసు గదిలో వాటిని దించేసి, భోజనాల హాలు తలుపు దగ్గరికి వెళ్ళి నిలబడింది. గోడవారగా మోకాలెత్తు బల్ల ఉంది. దాని చివర ఖాళీ కుర్చీ ఒకటి వేసి ఉంది. ఆయా మెడకు కట్టే గుడ్డలు పంచుతోంది.

పిడుగు నాలుగో వరసలో ఉంది. నీలం పెట్టె బల్ల మీద పెట్టి, ఎడం చేత్తో నాడా లాగింది. పెట్టె కదల్లేదు. అట్ట తెరుచుకుని వెనక్కి వాలింది. పిల్ల ముక్కోణం అందుకుని, కొన నుంచి కొరికింది, నమిలింది. మళ్ళీ కొరికింది. ఒక్క ముక్క రాలలేదు. పక్కనున్న ఇద్దరు పిల్లలు తినడం ఆపి మెడలు సాచారు. వాళ్ళేదో అడిగారు. పిడుగు నోటినిండా పెట్టుకునే జవాబు చెబుతూ, సగం తిన్నదాన్ని బల్ల మీద పెట్టి, ఖాళీ మైనపు కాగితంతో గాలిలో మడతలు చూపించసాగింది. కట్టు ఆనించింది, ఎడం చేత్తో పైకి, పక్కకి, కిందికి. మొదటిరోజు మూత తీసిపెట్టిన అమ్మాయి కూడా తన కాగితం తీసి మడుస్తూ పొరపాటు చేసింది. "అలా కాదు, ఇటు," అన్న పిడుగు గొంతు ఇక్కడిదాకా వినిపించింది. కట్టు పడ్డాక మళ్ళీ ఇప్పుడే విన్న పాత పిడుగు గొంతు అది.

టీచరు బైండింగావిడను చూసి దగ్గరికొచ్చింది. ఆమె చేతిలో సోమవారం నుంచి ఎవరెవరు ఏ బల్ల దగ్గరన్న కాగితం ఉంది. నీలం పెట్టెను, దాని ముందు వంగిన తలలను కాసేపు చూసి, చిన్నపిల్లల బల్ల కింద రాసిన ఒక పేరు కొట్టేసింది.

"చాలా బాగుందండీ. ఆ ఫలహారం, ఆ పెట్టె, మొత్తం. మీ చేతి పనేనా?"

ఈ ప్రశ్నకు ఆవిడ దగ్గర పాతికేళ్ళుగా జవాబు సిద్ధంగా ఉంది. నాలుక చివరిదాకా వచ్చింది కూడా. సరిగ్గా అప్పుడే పిడుగు తల ఎత్తి తలుపు వైపు చూసింది. అత్తను చూసింది. చెయ్యి ఊపలేదు, లేచి రాలేదు, ఒక్కసారి నవ్వి, మిగిలిన ముక్క అందుకుని మళ్ళీ తన వాళ్ళ వైపు తిరిగిపోయింది. అత్తతో దానికి ఇప్పుడు పని లేదు. బైండింగావిడ ఈ నాలుగు రోజులూ కోరుకున్నది అదే, కానీ కళ్ళ ముందు అది జరుగుతుంటే ఏడుపొచ్చింది. పనిగుడ్డ కొసతో కళ్ళు తుడుచుకుంది.

"నాది కాదండీ," అంది. "అదిగో, ఆ పిల్లది."